బీఏహెచ్ మీ ఇంటిని బట్టి కాదు, మీ ఆయన డ్యూటీ ఊరిని బట్టి

ప్రశ్న: అన్నయ్య గారికి నమస్కారం. మాది గిద్దలూరు దగ్గర పల్లె. మా ఆయన గ్రీన్ కార్డు మీద అమెరికా ఆర్మీలో చేరి ఏడేళ్ళయింది. ఇప్పుడు సార్జెంట్, అంటే ఈ-5. ఇన్నాళ్ళూ టెక్సస్‌లో ఫోర్ట్ హుడ్ లోపలి ఇంట్లోనే ఉన్నాం. బీఏహెచ్, అంటే ఇంటి కోసం ఆర్మీ ఇచ్చే అలవెన్సు, నేరుగా హౌసింగ్ కంపెనీకి వెళ్ళిపోయేది కాబట్టి అదెంతో నేనెప్పుడూ పట్టించుకోలేదు. ఇప్పుడు వాషింగ్టన్ పక్కనున్న పెంటగాన్‌కు ఆర్డర్లు వచ్చాయి, రెండు నెలల్లో వెళ్ళాలి. అక్కడ బీఏహెచ్ ఇక్కడికంటే చాలా ఎక్కువట. మా అక్కావాళ్ళు అక్కడికి దూరంగా, వర్జీనియాలోనే యాష్‌బర్న్‌లో ఉంటారు. "మా వరసలోనే టౌన్‌హౌస్ అద్దెకుంది, చుట్టూ మనవాళ్ళే, మెట్రో రైలు సిల్వర్ లైన్ ఉంది, రైలు డబ్బు గవర్నమెంటే ఇస్తుంది" అంటోంది. మా బావగారు "అద్దె దండగ, సైనికులకిచ్చే వీఏ లోన్ మీద కొనేయండి" అంటున్నారు. మా ఆయనకు ఆ చుట్టుపక్కలే ఉన్న ఆర్మీ బేస్ ఫోర్ట్ బెల్వాయిర్‌లో బేస్ ఇల్లు దొరికితే చాలు. మా నాన్నగారు ఇండియన్ ఆర్మీలో హవల్దారుగా రిటైరయ్యారు, "మా హెచ్‌ఆర్‌ఏ లాంటిదేలే" అంటారు. యాష్‌బర్న్‌లో ఉంటే బీఏహెచ్ తగ్గుతుందా? మా అత్తగారు ఆరు నెలలు ఉండడానికి వస్తున్నారు, ఆవిడ పేరు చేరిస్తే పెరుగుతుందా? రైలు డబ్బు జీతంలో కలిపి ఇస్తారా? పాపకు నాలుగేళ్ళు. తలా ఒక మాట చెబుతుంటే టెన్షన్‌గా ఉంది.
— ఒక చెల్లెలు, ఫోర్ట్ హుడ్

జవాబు: చెల్లెమ్మా, మీ ఉత్తరంలో అక్క మాట ఉంది, బావగారి మాట ఉంది, నాన్నగారి మాట కూడా ఉంది. లేనిది ఒక్కటే: మీ ఆయన పొద్దున ఎన్ని గంటలకు డ్యూటీలో ఉండాలి? అది తెలియకుండా యాష్‌బర్న్ మంచిదా, బెల్వాయిర్ మంచిదా అంటే నేనే కాదు, ఎవరూ చెప్పలేరు. దాని దగ్గరికి తర్వాత వస్తాను. ముందు మీరు అడిగినవి.

యాష్‌బర్న్‌లో ఉంటే బీఏహెచ్ తగ్గదు. బీఏహెచ్‌కు చూసేవి మూడు: ర్యాంకు, మీద ఆధారపడిన కుటుంబం ఉందా లేదా, డ్యూటీ చేసే చోటి జిప్ కోడ్. ఇంటి అడ్రసు కాదు. పెంటగాన్‌లో పనిచేసే ఈ-5 పక్క వీధిలో ఉన్నా, యాభై మైళ్ళ అవతల ఉన్నా అదే అంకె. మీరు ఎక్కువ అద్దె కడితే ఎవరూ పెంచరు, తక్కువ అద్దెకు ఉంటే మిగిలింది వెనక్కి అడగరు. దాని మీద ఇన్‌కమ్ ట్యాక్స్ కూడా లేదు. ఈ ఒక్క ముక్క అర్థమైతే మీ ప్రశ్నల్లో సగం తేలిపోయినట్టే.

అత్తగారి పేరు చేర్చినా పైసా పెరగదు. బీఏహెచ్‌లో రెండే రేట్లు, కుటుంబం ఉన్నవాళ్ళకు ఒకటి, లేనివాళ్ళకు ఒకటి. మీరొక్కరున్నా కుటుంబం రేటే, మీకు నలుగురు పిల్లలున్నా అదే రేటు. ఆవిడని సంతోషంగా రమ్మనండి, కాకపోతే ఆవిడ కోసమని ఇంకో బెడ్‌రూమ్ తీసుకుంటే ఆ అద్దె మీ జేబులోంచే.

మీ నాన్నగారి మాట సగం నిజం. క్వార్టర్ ఇస్తే డబ్బు చేతికి రాదన్నది అక్కడా ఇక్కడా ఒకటే. తేడా లెక్కగట్టే తీరులో ఉంది. అక్కడ హెచ్‌ఆర్‌ఏ మూల వేతనంలో ఇంత శాతమని ఇస్తారు. 2024 జనవరి నుంచి హైదరాబాద్ లాంటి ఎక్స్ నగరాలకు 30, విశాఖ, విజయవాడ లాంటి వై ఊళ్ళకు 20, మిగతావాటికి 10. ఇక్కడ శాతాల్లేవు. దేశాన్ని దాదాపు మూడు వందల ప్రాంతాలుగా చేసి, ఏటా ఆయా చోట్ల నిజంగా నడుస్తున్న అద్దెలు సేకరిస్తారు. కరెంటు, గ్యాస్, నీళ్ళ ఖర్చు కలుపుతారు. ఒక్కో ర్యాంకుకు ఒక్కో రకం ఇంటిని కొలతగా పెట్టుకుంటారు. కొత్త రేట్లు జనవరి 1 నుంచి అమలవుతాయి.

మీ అక్కకు చూపించాల్సింది ఆ కొలతే. కుటుంబంతో ఉన్న ఈ-5కు పెట్టుకున్న కొలత రెండు బెడ్‌రూమ్‌ల టౌన్‌హౌస్. మూడు బెడ్‌రూమ్‌ల టౌన్‌హౌస్ కొలత ఈ-6 నుంచి. మీ అక్కావాళ్ళ వరసలో ఉన్న ఇల్లు ఎన్ని బెడ్‌రూమ్‌లదో మీరు రాయలేదు. యాష్‌బర్న్‌లో నేను చూసిన టౌన్‌హౌస్‌లు మటుకు మూడంతస్తులు, కింద రెండు కార్ల గరాజ్, పైన మూడు బెడ్‌రూమ్‌లు. అద్దం లాంటి ఇళ్ళు, కాదనను. కానీ ఇద్దరు సాఫ్ట్‌వేర్ జీతాలతో కట్టే అద్దెకూ, ఒక సార్జెంట్ రెండు బెడ్‌రూమ్‌ల కొలతకూ పొంతన కుదరదు.

ఇంకో సంగతి కూడా ఉంది. ఆ కొలత ఇంటి ఖర్చైనా పూర్తిగా ఇవ్వరు. ఒకప్పుడు నూటికి నూరు ఇచ్చేవారు. 2015 నుంచి కొంచెం కొంచెం కోసుకుంటూ వచ్చి 2019కి 95 శాతం దగ్గర ఆపారు. మిగతా ఐదు శాతం మీరే పెట్టుకోవాలి. డాలర్లలో చెప్పాలంటే ర్యాంకును బట్టి నెలకు సుమారు వంద నుంచి రెండొందలు. "బీఏహెచ్ ఇంత, కాబట్టి అద్దె ఇంత" అని వెతకడం మొదలుపెట్టారంటే మొదటి నెల నుంచే లోటన్నమాట. బేస్‌ల చుట్టుపక్కల ఇళ్ళ ఓనర్లకు ఈ రేట్ల పట్టిక నోటికొచ్చు. మీ ఆయన ర్యాంకు చెప్పగానే వాళ్ళు చెప్పే అద్దె బీఏహెచ్‌కు అచ్చంగా సరిపోతే ఆశ్చర్యపోకండి. అందుకే ఇల్లు చూడ్డానికి వెళ్ళినప్పుడు ర్యాంకు చెప్పకుండా ముందు అద్దె అడగండి.

ధైర్యం చెప్పే సంగతి కూడా ఒకటుంది. మీ ఆయన ఒకసారి అక్కడ రిపోర్ట్ చేశాక, వచ్చే జనవరిలో రేటు పడిపోయినా ఆయనది తగ్గదు. పెరిగితే మాత్రం పెరుగుతుంది. అదే డ్యూటీ స్టేషన్‌లో ఉండి, ర్యాంకు తగ్గకుండా, కుటుంబం స్థితి మారకుండా ఉంటే చాలు. కొత్త రేటు మొదలయ్యేది మాత్రం రిపోర్ట్ చేసిన రోజు నుంచే. హుడ్‌లో ఇల్లు ఖాళీ చేసి, దారిలో సెలవు పెట్టుకుని తిరిగే రోజులకు హుడ్ రేటే. "పెంటగాన్ రేటు వచ్చేస్తుందిగా" అని ముందే ఖర్చు పెట్టకండి.

ఇక రైలు డబ్బు. అది జీతంలో కలవదు, ఎల్‌ఈఎస్‌లో, అంటే జీతం చీటీలో, కనపడదు, చేతికి రాదు. ఈ పథకానికి మూలం 2000 ఏప్రిల్‌లో అప్పటి అధ్యక్షుడు క్లింటన్ ఇచ్చిన ఉత్తర్వు. వాషింగ్టన్ ప్రాంతంలో ఫెడరల్ ఉద్యోగులు కార్లు మానేసి రైళ్ళు, బస్సులు ఎక్కాలని పెట్టారు. యూనిఫాంలో ఉన్నవాళ్ళకూ వర్తిస్తుంది. మీ ఆయన తన పేరున ఒక స్మార్‌ట్రిప్ కార్డు (మెట్రో, బస్సు ఛార్జీలు కట్టే కార్డు) రిజిస్టర్ చేసుకుని, ఇంటి నుంచి ఆఫీసుకు ఏ బస్సు, ఏ రైలు, ఎంత ఛార్జీ, నెలకు ఎన్ని రోజులు అని రాసి దరఖాస్తు పెడతారు. ఆఫీసులో సంతకాలయ్యాక అంత మొత్తం నెలనెలా ఆ కార్డులో పడుతుంది. నెలాఖరుకు మిగిలింది వాళ్ళే వెనక్కి తీసేసుకుంటారు. మీ బావగారి కంపెనీలో ఆయన జీతంలోంచే ట్యాక్స్ కోయకముందు కొంత పక్కకు తీసి ఉంటారు. ఇది అలా కాదు, పూర్తిగా గవర్నమెంటు డబ్బే. గరిష్ఠం 2025లో నెలకు 325 డాలర్లు, 2026లో 340. అలాగని అంతా ఇచ్చేస్తారనుకోవద్దు, అసలు ఖర్చు ఎంతైతే అంతే.

యాష్‌బర్న్ నుంచి పెంటగాన్‌కు ఎంతవుతుందో చూద్దాం. 2024 వేసవిలో పెంచాక మెట్రోలో మామూలు రోజుల గరిష్ఠ ఛార్జీ 6.75 డాలర్లు. లైను ఆ చివర నుంచి వస్తారు కాబట్టి అదే పడుతుందనుకోండి. రానూ పోనూ 13.50. నెలకు ఇరవై రోజులకు 270. పరిమితిలోపే. కాబట్టి టికెట్టు విషయంలో మీ అక్క చెప్పింది తప్పేం కాదు.

కానీ స్టేషన్ దగ్గర కారు పెట్టే పార్కింగ్ ఫీజు ఈ డబ్బుతో కట్టడానికి లేదు. అది మీదే. పైగా మీ ఆయన కారు స్టేషన్‌లో ఉంటే పాపని స్కూలుకు, డాక్టరు దగ్గరికి తిప్పడానికి మీకు ఇంకో కారు కావాలి. యాష్‌బర్న్‌లో కారు లేకపోతే పాల ప్యాకెట్టు కూడా రాదు. ఇంకో కారంటే దాని ఇన్సూరెన్సు, ఈఎంఐ. "రైలు ఫ్రీ" అన్న మాటలో ఇవేవీ వినపడవు.

ఇప్పుడు మొదట అడిగిన ప్రశ్న. మెట్రో మామూలు రోజుల్లో పొద్దున 5 గంటలకు మొదలవుతుంది. యాష్‌బర్న్‌లో సిల్వర్ లైన్ ఎక్కితే రాస్లిన్‌లో దిగి బ్లూ లైన్‌కు మారాలి. రైళ్ళలోనే గంట. మొదటి రైలే పట్టుకున్నా పెంటగాన్‌లో దిగేసరికి ఆరు దాటుతుంది. ఆపైన బ్యాడ్జి చూపించి లోపలికెళ్ళి, ఆ కారిడార్లలో తన గదికి చేరడానికి ఇంకో పది నిమిషాలు. అక్కడ షిఫ్టుల్లో పనిచేసే సార్జెంట్లు తక్కువేం కాదు, ఐదున్నరకు, ఆరుకు ఎక్కే డ్యూటీలుంటాయి. మీ ఆయనది అలాంటి డ్యూటీ అయితే యాష్‌బర్న్ నుంచి రైలన్న మాటే లేదు. కారులో వెళ్ళాలి, పెంటగాన్‌లో పార్కింగ్ పర్మిట్ సంపాదించాలి. పర్మిట్ దొరికిందా, రైలు డబ్బు వదులుకోవాలి.

ఈ చివరి మాట అనుభవంతో చెబుతున్నాను. నేవీలో ఇరవై ఏళ్ళు చేశాను, అందులో రెండు పోస్టింగులు వాషింగ్టన్ ప్రాంతంలోనే. మొదటిసారి వెళ్ళినప్పుడు రైలు డబ్బుకు దరఖాస్తు పెట్టుకున్నాను. అదే నెలలో మా సెక్షన్‌లో ఒకాయన కార్‌పూల్ పర్మిట్ కోసం మూడు పేర్లు కావాలంటే, "పోనీలే" అని నా పేరు రాయించాను. ఆయన కారు నేనెక్కింది మహా అయితే నాలుగుసార్లు. ఏడు నెలల తర్వాత రెండు జాబితాలు పక్కపక్కన పెట్టి చూసిన క్లర్కు ఒకావిడ నన్ను పిలిచి, రెండు కాగితాలు నా ముందు పెట్టి, రెండింటి మీదా నా పేరు కింద పెన్సిల్‌తో గీత గీసింది. ఒక్క మాట అనలేదు. ఆ గీతలు చూస్తే నాకు చెమటలు పట్టాయి. ఏడు నెలల డబ్బూ వెనక్కి కట్టాను, మా చీఫ్‌తో చివాట్లు తిన్నాను. ఫెడరల్ పార్కింగ్ పర్మిట్ మీద పేరుంటే రైలు డబ్బు తీసుకోకూడదని దరఖాస్తులోనే రాసి ఉంటుంది. నేను చదవకుండా సంతకం పెట్టాను, తప్పు నాదే. ఈ డబ్బు మీద నిఘా ఎందుకంత గట్టిగా ఉంటుందంటే, 2007లో ఆడిట్ సంస్థ జీఏఓ తవ్వి చూస్తే, అప్పట్లో కాగితం రూపంలో ఇచ్చే మెట్రోచెక్‌లను కొందరు ఉద్యోగులు ఈబేలో అమ్ముకుంటున్నారని తేలింది. అప్పటి నుంచి పట్టు బిగించారు. మీ ఆయన వారానికి రెండు రోజులు ఇంటి నుంచి పనిచేస్తే ఆ రోజులు తీసేసి లెక్క రాయాలి. ఆ కార్డులోని గవర్నమెంటు డబ్బుతో మీరూ పాపా షికారు వెళ్ళకూడదు.

సరే, మరి ఎక్కడుండాలి? ఒక తెల్ల కాగితం తీసుకోండి. బీఏహెచ్ పైన రాయండి. లెక్క తేలిగ్గా ఉంటుందని 3,000 అనుకుందాం, అసలు అంకె రక్షణ శాఖ సైట్‌లో పెంటగాన్ జిప్ కొడితే వస్తుంది. కింద మూడు చోట్లకూ అద్దె, బిల్లులు, పార్కింగ్, రెండో కారు, రోజూ దారిలో పోయే గంటలు వేసుకోండి. ఈ చివరిది అందరూ మర్చిపోతారు. యాష్‌బర్న్ నుంచి గుమ్మం నుంచి గుమ్మానికి గంటన్నర వేసుకుంటే రోజుకు మూడు గంటలు, నెలకు అరవై. అంటే నెలలో రెండున్నర రోజులు, పగలూ రాత్రీ కలిపి, మీ ఆయన రైల్లోనే ఉంటారు. పొద్దున పాప లేవకముందే వెళ్ళి, సాయంత్రం ఎప్పుడొస్తారో ఊహించుకోండి.

పెంటగాన్ సిటీ, క్రిస్టల్ సిటీ వైపు అయితే నడిచి వెళ్ళొచ్చు, కానీ అక్కడి అద్దెకు రెండు బెడ్‌రూమ్‌లు దొరకడమే గగనం. నాకైతే మధ్యదారి నచ్చుతుంది: ఫ్రాంకోనియా, స్ప్రింగ్‌ఫీల్డ్ చుట్టుపక్కల. బ్లూ లైన్ అక్కడే మొదలవుతుంది, మారకుండా నేరుగా పెంటగాన్‌లో దిగుతారు. రైలెక్కేసరికి సీటు ఖాళీగా ఉంటుంది, అది చిన్న సుఖమేం కాదు. పాత టౌన్‌హౌస్‌లు, పాత అపార్ట్‌మెంట్లు. గచ్చు మెరవదు, అద్దె మాత్రం కొంచెం నయం. అక్కడ 2,600కు దొరికిందనుకోండి, బిల్లులకు 250 పోయినా మీకు నెలకు 150 మిగులుతుంది. మిగిలింది మీదే, ఎవరికీ లెక్క చెప్పక్కర్లేదు.

ఇంకా తక్కువ కావాలంటే వుడ్‌బ్రిడ్జ్ దాకా వెళ్ళొచ్చు. రెండో పోస్టింగ్‌లో మేం అక్కడే ఉన్నాం. మెట్రో లేదు, కానీ అక్కడ స్లగ్గింగ్ ఉంది. హోర్నర్ రోడ్ పార్కింగ్ లాట్‌లో పొద్దున ఐదున్నరకు నిలబడేవాణ్ణి. చీకట్లో, చలికి చేతులు జేబుల్లో పెట్టుకుని, ముక్కూ మొహం తెలియని ఓ ఇరవై మంది వరసగా. ఒక కారొచ్చి ఆగుతుంది, అద్దం రెండంగుళాలు దిగుతుంది, "పెంటగాన్, ఇద్దరు" అని వినపడుతుంది. ముందున్న ఇద్దరు ఎక్కేస్తారు. అంతే. డబ్బు ఇవ్వరు, తీసుకోరు. ముగ్గురుంటే ఎక్స్‌ప్రెస్ లేన్‌లో టోల్ ఉండదు కాబట్టి డ్రైవరుకు మనుషులు కావాలి, మనకు కారు కావాలి. డ్రైవరు పలకరిస్తే తప్ప మాట్లాడకూడదన్నది అక్కడి మర్యాద. మొదటి వారం నాకు అది భరించడం కష్టమైంది. మనం రైల్లో పక్క సీటాయన ఊరు, కులం, కూతురి పెళ్ళి దాకా అడిగేసే వాళ్ళమాయె. నలభై నిమిషాలు రేడియోలో వార్తలు వింటూ బొమ్మల్లా కూర్చోవడం నేర్చుకోవడానికి టైమ్ పట్టింది. 1970ల నుంచీ నడుస్తున్న పద్ధతి ఇది. దీనికి ఖర్చే లేదు కాబట్టి రైలు డబ్బు కోసం రాయకూడదు. సాయంత్రం బస్సులోనో, ట్రైన్‌లోనో వస్తే ఆ వైపు ఛార్జీ మాత్రమే రాసుకోవచ్చు.

"మధ్యాహ్నం పాపకు జ్వరమొస్తే కారు లేకుండా ఆయన ఎలా వస్తారు" అని మీరు అడగలేదు, కానీ రేపు అడుగుతారు. ఆ ప్రాంతంలో రోజూ ఆఫీసులకు వెళ్ళొచ్చేవాళ్ళకు సాయపడే కమ్యూటర్ కనెక్షన్స్ వాళ్ళ గ్యారంటీడ్ రైడ్ హోమ్ పథకంలో ముందే పేరు రాయించుకోమనండి. వారానికి కనీసం రెండు రోజులు రైల్లోనో, బస్సులోనో, కార్‌పూల్‌లోనో వెళ్ళేవాళ్ళకు అత్యవసరమైతే ఏడాదికి కొన్నిసార్లు ఉచితంగా ఇంటికి చేరుస్తారు. జ్వరమొచ్చిన రోజు దాకా ఆగకండి.

బెల్వాయిర్ బేస్ ఇల్లు సంగతి. మీ ఆయన కోరిక అన్యాయమేం కాదు. చుట్టూ ఆర్మీ కుటుంబాలు, ఆసుపత్రి లోపలే, ఆయన ఊరెళ్ళినా మీకు తోడుంటుంది. కానీ హుడ్‌లో జరిగిందే మళ్ళీ జరుగుతుంది: బీఏహెచ్ మొత్తం కంపెనీకి వెళ్ళిపోతుంది, మిగిల్చుకునే వీలుండదు. హుడ్‌లో బీఏహెచ్ తక్కువ కాబట్టి అది మీకు తెలియలేదు. పైగా బెల్వాయిర్ లోపల మెట్రో లేదు, ఫ్రాంకోనియా దాకా బస్సో కారో తప్పదు. వెయిటింగ్ లిస్టులో పేరు మటుకు ఇప్పుడే పెట్టించండి. పేరు పెట్టినంత మాత్రాన తీసుకోవాలని లేదు కదా.

బావగారి దగ్గరికొద్దాం. వీఏ లోన్‌కు డౌన్‌పేమెంట్ అక్కర్లేదన్నది నిజమే. కానీ ఊరికే ఇవ్వరు. మొదటిసారి, డౌన్‌పేమెంట్ లేకుండా తీసుకుంటే 2.15 శాతం ఫండింగ్ ఫీజు ఉంటుంది. ఆరు లక్షల డాలర్ల ఇంటికి అది 12,900. చాలామంది దాన్ని కూడా అప్పులోనే కలిపేసి ఆ సంగతే మర్చిపోతారు. అసలు చిక్కు అది కూడా కాదు. మూడేళ్ళకో ఎప్పుడో మీ ఆయనకు మళ్ళీ ఆర్డర్లొస్తాయి. ఆ రోజు నుంచి బీఏహెచ్ కొత్త ఊరిది. అది ఏ కెంటకీయో, లూజియానానో అయితే సగానికి సగం పడిపోయినా పడిపోతుంది, యాష్‌బర్న్ ఈఎంఐ మాత్రం అలాగే ఉంటుంది. అమ్మితే ఏజెంటుకు కమీషన్, అద్దెకిస్తే వెయ్యి మైళ్ళ దూరం నుంచి అద్దెదారుతో తంటాలు. మీ బావగారు ఒకే ఊళ్ళో పదిహేనేళ్ళు ఉద్యోగం చేసే మనిషి, ఆయనకు ఆ సలహా సరైనదే. "అద్దె దండగ" అన్నది స్థిరంగా ఉండేవాళ్ళ మాట. వీఏ అర్హత ఎక్కడికీ పోదు, ఆ ఊళ్ళో ఒక ఏడాది తిరిగాక కూడా కొనాలనిపిస్తే అప్పుడు చూసుకోవచ్చు.

అద్దె ఇంటికి సంతకం పెట్టేటప్పుడు ఏడాది ఒప్పందమని భయపడకండి. సైనికులకు రక్షణగా ఉన్న ఎస్‌సీఆర్‌ఏ చట్టం ప్రకారం బదిలీ ఆర్డర్లు వచ్చినా, తొంభై రోజులు అంతకు మించి డిప్లాయ్‌మెంట్ వచ్చినా జరిమానా లేకుండా ఒప్పందం తెంచుకోవచ్చు. ఆర్డర్ల కాపీతో రాతపూర్వకంగా నోటీసు ఇవ్వాలి. ఆ తర్వాత వచ్చే అద్దె తేదీ నుంచి ముప్ఫై రోజులకు ఒప్పందం ముగుస్తుంది. జూన్ 20న నోటీసిచ్చారనుకోండి, జులై 1 అద్దె కట్టాలి, జులై 31తో సరి. ఒప్పందం కాగితాల మధ్యలో ఈ హక్కు వదులుకుంటున్నట్టు ఒక పేజీ పెట్టి సంతకం అడిగేవాళ్ళున్నారు. అది కనపడితే పెన్ను పక్కన పెట్టేయండి. బేస్ లీగల్ ఆఫీసులో ఒప్పందం ఊరికే చదివి పెడతారు, సంతకం కంటే ముందు అక్కడికి తీసుకెళ్ళండి. వర్జీనియాలో డిపాజిట్ రెండు నెలల అద్దెకు మించి అడగకూడదు. అంత డబ్బు ఒక్కసారి చేతిలో లేకపోతే బీఏహెచ్ కొంత ముందుగా ఇప్పించుకుని నెలనెలా కోయించుకునే వీలుంది, హుడ్ ఫైనాన్స్ ఆఫీసులో కనుక్కోమనండి.

ఈ వారం చేయాల్సింది ఒకటే. మీ ఆయనకు పెంటగాన్ నుంచి స్పాన్సర్‌గా, అంటే కొత్తగా వచ్చేవాళ్ళకు సాయం చేయడానికి, ఒకరిని ఇచ్చి ఉంటారు. ఆయనకు మెయిల్ పెట్టి డ్యూటీ ఎన్నింటికి, షిఫ్టులున్నాయా, ఇంటి నుంచి పని ఉందా అని అడగమనండి. జవాబు తొమ్మిది నుంచి ఐదు అని వస్తే, అక్క పక్కన ఉండాలన్న కోరిక అంత బలంగా ఉంటే, యాష్‌బర్న్‌లో రెండు బెడ్‌రూమ్‌ల అపార్ట్‌మెంట్ చూసుకున్నా నేను తప్పు పట్టను. కొత్త ఊళ్ళో, నాలుగేళ్ళ పాపతో, ఒంట్లో బాగాలేని రోజున ఒక గిన్నె పప్పుచారు తెచ్చిపెట్టే మనిషి విలువ నా కాగితం మీద ఏ గడిలోనూ లేదు. ఐదున్నరకు డ్యూటీ అని వస్తే మాత్రం స్ప్రింగ్‌ఫీల్డ్ వైపే చూడండి.

అక్కని శని, ఆదివారాల్లో చూడొచ్చు. వారాంతాల్లో మెట్రో ఛార్జీ ఎంత దూరమైనా రెండున్నర డాలర్లకు మించదు, ఐదేళ్ళు నిండేదాకా పాపకు టికెట్టే లేదు. మీ ఇద్దరికీ వేరే కార్డులు కొనుక్కోండి, మీ ఆయన ఆఫీసు కార్డు ఆ రెండు రోజులూ సొరుగులోనే ఉండాలి.